బ్రాకెట్టు ముందు ఖాళీ

తడిగుడ్డతో గొంతు కోయడం అన్న మాటను మొదట అన్నవాళ్ళెవరో గాని, వాళ్ళు ఆ పని దగ్గరుండి చూసినవాళ్ళే అయి ఉంటారు, అనుకుంది ఆమె, యంత్రాల గదిలో కుర్చీకి వెన్ను ఆనించకుండా నిటారుగా కూర్చుని, తెర మీద ఆకుపచ్చ గీత ఎడమ నుంచి కుడికి చీమనడక నడవడం చూస్తూ. కత్తి అయితే మెరుపు కనబడుతుంది, తాడయితే గరుకు తెలుస్తుంది. తడిగుడ్డ మాత్రం జ్వరం తగిలిన రోజున నుదుటి మీద పరిచిన గుడ్డలాగే చల్లగా ఉంటుంది, మనవాళ్ళెవరో మనకు సేవ చేస్తున్నట్టే ఉంటుంది, కళ్ళు మూసుకుంటే హాయిగా కూడా ఉంటుంది. ఈ గీత కుడి అంచుకు చేరితే బిల్డ్ పూర్తయినట్టు, అంటే ఎందరో విడివిడిగా రాసిన వేలాది పంక్తులను యంత్రం కలిపి కుట్టి ఒక్క వస్తువుగా చేసినట్టు. అప్పుడు తెర ఆమెను సంతకం అడుగుతుంది, ఆమె తన పేరు చెక్కిన వేలెడంత పరికరాన్ని తగిలించి, తనకొక్కర్తికే తెలిసిన పాస్‌వర్డ్ కొట్టాలి, కొట్టిన మరుక్షణం ఆ వస్తువు ఆమె పేరుతో ఊరూరా ఉన్న కంప్యూటర్లలోకి వెళ్ళిపోతుంది. గంట పడుతుంది, కాఫీ తెస్తాను, కూర్చో, అంది వదిన, ఆమె కోసం గది తలుపు తెరిచి పట్టుకుని. వదిన తలుపులు ఎప్పుడూ అలాగే తెరిచి పట్టుకుంటుంది, ఎదుటివాళ్ళు లోపలికి వెళ్ళాకే తాను అడుగుపెడుతుంది. ఆ మర్యాద చూసే కదా అమ్మ, పిల్లంటే ఇదీ, అంది, అన్నయ్యకు ఇంకెక్కడా వెతకొద్దంది, తీరా ఇప్పుడు తలుపు తెరిచి పట్టుకున్నవాళ్ళ మీద కూడా అనుమానపడవలసిన గతి పట్టింది.

సంతకం ఒక ఫైలుకు. ప్రోగ్రాములు రాసేవాళ్ళకు ఎడిటర్ అని ఒకటుంటుంది, దర్జీకి కుట్టుమిషను ఎలాగో వాళ్ళకది అలాగ; దానికి ఎవరి అవసరాన్ని బట్టి వాళ్ళు అదనపు పనిముట్లు తగిలించుకుంటారు, ఒకరికి తప్పులు పట్టేది, ఒకరికి రంగులు వేసేది, ఒకరికి చదివి వినిపించేది, వాటినే ఎక్స్‌టెన్షన్లంటారు; వాటిని తగిలించడం, ఊడదీయడం, ఒకదానితో ఒకటి తగవు పడకుండా చూడడం, ఇదంతా తెర వెనక ఒక లైబ్రరీ ఫైలు చేస్తుంది. ఆ ఫైలును ఎడిటర్ ఒక్కటే కాదు, దాని చుట్టూ ఉన్న ప్రతి పనిముట్టూ పంచుకుంటుంది, ఉమ్మడి కుటుంబంలో వంటింటి పెద్దను అందరూ పంచుకున్నట్టు. పేరు ఎవరికీ తెలియదు, మంచాన పడ్డ రోజున గాని ఆవిడ ఒకతె ఉందని గుర్తుండదు. ఆ ఫైలును రాసింది ఆమె. పెళ్ళి మానుకుని ఇన్నేళ్ళూ ఏం చేశావమ్మా అని అడిగినవాళ్ళకు చెప్పడానికి ఆమె దగ్గర ఉన్న జవాబు అదొక్కటే, చెబితే అర్థమయ్యేవాళ్ళు లేరు గనక నవ్వి ఊరుకునేది. అందులో ఆమె మొదటి పంక్తుల్లోనే ఒక నియమాన్ని పూర్తి వాక్యంగా, కర్తా కర్మా క్రియా సహితంగా రాసిపెట్టింది: దేన్ని తీసేయాలన్నా, దాని మీద ఆధారపడ్డవాటిని ముందు ఒక్కొక్కదాన్నీ అడగాలి; ఒక్కటి వద్దన్నా తీయకూడదు. నువ్వు కోడ్ రాస్తున్నావా, ధర్మశాస్త్రం రాస్తున్నావా అని వదిన ఎగతాళి చేస్తే, ధర్మం లేని శాస్త్రం నువ్వు రాద్దువుగాని లే అని ఆమె తిప్పికొడితే, ఇద్దరూ పొట్ట పట్టుకుని నవ్వారు. అప్పటికింకా వదిన వదిన కాలేదు. ఏమే అంటే ఏమే అనుకునే రోజులు. పెళ్ళయిన మర్నాడు అమ్మ పక్కకు పిలిచి, ఇకనుంచి వదినా అనాలి, తెలిసిందా, అంటే తలూపింది, ఆ ఒక్క మాటతో స్నేహితురాలు కాస్తా చుట్టమైంది, చుట్టమయ్యాక తగాదా పడడం కూడా మర్యాదగానే పడవలసి వచ్చింది.

గోడలోని యంత్రాల పంకాలు ఒకే శ్రుతిలో రొద పెడుతున్నాయి, ఎవరో నిద్రలో మూలుగుతున్నట్టు, మాట్లాడబోయి మానుకుంటున్నట్టు. ఆ మూలుగు వింటే కొన్ని వారాల కిందట మాస్టారు చేసిన ఫోను గుర్తొచ్చింది. ఆయన అంధుల బడిలో లెక్కల మాస్టారు, ఆయనకూ చిన్నప్పుడే చూపు పోయింది. పిల్లలకు ప్రోగ్రాములు రాయడం నేర్పాలని పట్టుబట్టి, తానే ఒక ఎక్స్‌టెన్షన్ తయారుచేశాడు, అది పంక్తులను చదివి వినిపించడమే కాదు, ఏ పంక్తి దేని కడుపులో ఉందో గొంతు హెచ్చించీ తగ్గించీ చెబుతుంది. కావలసినవాళ్ళు తీసుకోండంటూ ఉచితంగా లోకం ముందు పెట్టాడు. "మేడమ్, మా ఎడిటరుకు నోరు పడిపోయిందండీ," అన్నాడాయన ఫోనులో, బాధను కూడా నవ్వుతూ చెప్పే రకం, "మాస్టారూ, మీరేమన్నా తిట్టారా దాన్ని, అలిగింది, అంటున్నారు మా పిల్లలు." అది ఇప్పటికీ పలకలేదు, ఆ పిల్లలకు రేపు పొద్దున పరీక్ష. ఆ ఫోను వచ్చిన రోజునే ఆమె వదినను అడిగింది, సంస్థ నడిపేది వదినే గనక. కొత్తగా చేరిన పిల్ల చెయ్యి పెట్టిందే, అంది వదిన, తెలియక ఏదో చెరిపింది, దిద్దిస్తాను, నువ్వేం కంగారుపడకు. ఆ మాట పట్టుకుని తాను చేసిన నిర్వాకం తలుచుకుంటే, ఈ చల్లని గదిలో కూడా ఆమె చెవులు వేడెక్కాయి. ఆ పిల్లను పిలిపించింది, కూర్చోమనలేదు, చదవకుండా చెయ్యి పెట్టేవాళ్ళు ఉండాల్సిన చోటు కాదమ్మా ఇది, అంది, తనకు అలవాటైన ఆ చల్లని స్వరంతో, అరవని స్వరంతో, అరిచినా బాగుండేది. నేను ఆ ఫైలు తెరవనేలేదు మేడమ్, అంది ఆ పిల్ల, ఒక్కసారే అంది. తర్వాత బల్ల మీద ఉన్న తన నీళ్ళసీసా తీసుకుని వెళ్ళిపోయింది, వారం తిరక్కుండా ఆ కుర్చీలో వేరెవరో కూర్చున్నారు. అబద్ధమాడేవాళ్ళు రెండోసారి కూడా అంటారు, మూడోసారి ఒట్టేస్తారు. బీరువాల కొద్దీ పుస్తకాలు చదివిన ఆడదానికి ఆ పాటి తేడా తెలియలేదు, ఎందుకంటే చెప్పింది వదిన, వదిన మాటను చదివి చూడవలసిన అవసరం ఏనాడూ రాలేదు.

కిందటిసారి వదిన మాట మీద చదవకుండానే సంతకం పెట్టింది గాని, ఈసారి ఫైలును మాత్రం చదివింది. ఇవాళ పొద్దున, ఇంట్లో కిటికీ పక్కన కూర్చుని, మొదటి పంక్తి నుంచి. ఎందుకే కళ్ళు పాడుచేసుకోవడం, చిన్న దిద్దుబాటే కదా, అని వదిన రెండుసార్లు అన్నా చదివింది. పైపైన అంతా సరిగానే ఉంది, మాస్టారి ఎక్స్‌టెన్షన్ పేరు మళ్ళీ చేర్చారు, సంతకం పడితే అది తిరిగి పలుకుతుంది. ఆ కిందుగా, శుభ్రపరచడం అని ముద్దుపేరు పెట్టుకున్న భాగంలో, ఒక షరతు ఉంది: ఎవరో ఉచితంగా ఇచ్చిన ఎక్స్‌టెన్షనూ, సంస్థ తన అంగట్లో అమ్ముతున్న ఎక్స్‌టెన్షనూ ఒకే పని చేసేవైతే, ఉచితంగా వచ్చినదాన్ని తీసెయ్, ఎవర్నీ అడక్కు, పొసగలేదని చెప్పు. మాస్టారు గొడవ చేశాడు గనక మాస్టారొక్కడికి మినహాయింపు. గొడవ చేయడం చేతకాని వాళ్ళ పనిముట్లు పోయినవి పోయినట్టే, ఇక మీదట పోవలసినవి క్రమం తప్పకుండా పోతూనే ఉంటాయి. ఇది చెయ్యి జారితే జరిగేది కాదు, తెలియని పిల్ల తెలియక చెరిపితే జరిగేది కాదు. ఆలోచించి, అన్నం తిని, మళ్ళీ వచ్చి కూర్చుని రాసింది. ఆమె కళ్ళు ఆ షరతు చివరికి వెళ్ళి ఆగిపోయాయి. మూసే బ్రాకెట్టుకు ముందు ఒక ఖాళీ ఉంది.

ఖాళీ అంటే ఏమీ లేనిది కాదు, అక్కడొక వేలు పడిందని అర్థం. ఎవరి చేతి అలవాట్లు వాళ్ళకుంటాయి గనక, సంస్థలో రాసిన ప్రతి ఫైలునూ ఒక యంత్రం సవరిస్తుంది, ఎక్కువ తక్కువలన్నీ కత్తిరించి, బడిపిల్లల తలలు దువ్వినట్టు అన్నిటినీ ఒక్కలా దువ్వి వదులుతుంది, అందువల్ల ఏ పంక్తి ఎవరిదో చూసి చెప్పలేరు. ఆ దువ్వెన తగలని ఫైలు సంస్థ మొత్తంలో ఇదొక్కటే. నా వాక్యాలను యంత్రం సరిచేయడానికి వీల్లేదని ఆమె ఆ యంత్రం వచ్చిన రోజున పంతం పట్టింది, సరేలే, దీన్ని వదిలేయండి, ఇది నా ఆడపడుచు జడ, ఎవరూ ముట్టుకోకండి, అని నవ్వుతూ అనుమతి ఇచ్చింది వదినే. ఇచ్చి మరిచిపోయింది. తాను ఎలా రాసినా, దువ్వెన వచ్చి తన వేలిముద్ర తుడిచేస్తుందనుకుంది. ఆ వేలిముద్ర కాలేజీలో పడ్డది. ఇద్దరికీ కలిపి ఒకే కంప్యూటర్ ఇచ్చారు, దాని కీబోర్డులో మూసే బ్రాకెట్టు మీట మొరాయించేది, ముందు స్పేస్ మీట ఒక్క పోటు పొడిస్తే గాని దిగేది కాదు, అదేం బంధుత్వమో ఆ మీటలకే తెలియాలి. దాన్ని బుజ్జగించకపోతే పని జరగదే, అనేది వదిన, నొసట పడ్డ జుట్టు ఊదుకుంటూ. ఆ కీబోర్డు పోయింది, ఆ కాలేజీ భవనం కూడా పోయింది, ఆమె ఆ అలవాటు మానుకుంది, వదిన మానుకోలేదు. కీబోర్డు మంచిదైనా, పని పెద్దదైనా, చెయ్యబోయేది ద్రోహమైనా, మూసే ముందు ఒక్కసారి బుజ్జగిస్తుంది.

అదే చెయ్యి అమ్మకు గోళ్ళు తీసింది. ఆఖరి రోజుల్లో అమ్మకు మనుషులు కలగాపులగమైపోతే, ఆమె పేరు పెట్టి వదినను పిలిచేది, కాదమ్మా, నేను కోడల్ని, అని ఒక్కనాడూ అనలేదు వదిన, ఆఁ అమ్మా, ఇదిగో ఉన్నాను, అనేది, ఆమె గుమ్మంలో నిలబడి తన పేరుకు ఇంకొకరు పలకడం వింటూ, అసూయపడక, కృతజ్ఞతతో కళ్ళు తుడుచుకునేది. ఆ ప్రేమ నటన అని తేలితే ఎంత సుఖంగా ఉండేది, కొంగు దులుపుకుని లేచి పోవచ్చు, మంచి మనిషినని నమ్మించింది అని నలుగురితో చెప్పుకోవచ్చు. కాని నటన కాదు, ఆమెకు తెలుసు, అమ్మ పోయిన రోజున వదిన ఏడ్చిన ఏడుపు ఇంకెవరూ ఏడవలేదు. మనసు అటూ ఇటూ తిరిగి మళ్ళీ అక్కడికే వచ్చి తల బాదుకుంటోంది: నిజంగా ప్రేమించిన చెయ్యే ఇది రాసింది, రాసి ఒక పసిదాని నెత్తిన రుద్దింది, ఆ పసిదాన్ని తరమడానికి తన స్వరాన్ని, ఈ చల్లని స్వరాన్ని, వాడుకుంది. ఆమె పేరుకు పలకడం వదినకు ఆనాడే అలవాటైంది కాబోలు. ఛీ, అమ్మ మంచం దగ్గరికి దీన్ని ఈడ్చడం అన్యాయం, అనుకుంది, అనుకుంటూనే ఈడ్చింది, ద్రోహం చేసే అసలు పని అదే మరి, వెనక్కి నడిచి వెళ్ళి, బాగున్న రోజులన్నిటి మీదా బురదకాళ్ళతో తిరుగుతుంది.

తలుపు తెరుచుకుంది. వదిన కాఫీ కప్పుతో వచ్చింది, కింద అట్టముక్క వేసి మరీ బల్ల మీద పెట్టింది.

"ఇంకా ఇంతేనా? ముసలిదైపోయిందే ఈ మిషను, మనలాగే."

"ఆ పిల్ల ఇప్పుడెక్కడ చేస్తోంది వదినా?"

"ఏ పిల్ల?"

ఆ రెండు మాటల ప్రశ్న కంటే ఎక్కువగా గాయపరిచేది వదిన ఇంకేమీ అనలేదు, అనవలసిన అవసరమూ లేదు.

"తెలియక చెరిపిన పిల్ల."

"ఓ, అదా. ఎక్కడో చేరే ఉంటుందిలే, ఈ కాలం పిల్లలకు ఉద్యోగాలకేం కొదవ. నువ్వు ఆ మాస్టారి సంగతి చూడు ముందు. పొద్దున్నే పరీక్షట, పాపం, ఆ పిల్లలకి. ఆయన కోసమైనా ఒక్క సంతకం గీకెయ్, మీ అన్నయ్య రాత్రి భోజనానికి రమ్మన్నారు, ఇటునుంచి ఇటే పోదాం."

"నేను చదివాను వదినా."

"ఏంటి?"

"ఫైలు. చివరిదాకా."

వదిన ముఖంలో రంగు మారలేదు. కప్పు చెవిని ఆమె కుడిచేతి వైపుకు తిప్పింది, అందుకోవడానికి వీలుగా. "నీకు చదవడానికేదైనా దొరికితే తిండి కూడా అక్కర్లేదు," అంది నవ్వి, "చల్లారిపోతుంది, తాగు," అని తలుపు చప్పుడు కాకుండా వేసి వెళ్ళిపోయింది.

తాగలేదు. కాఫీ మీద మీగడ ముడతపడడం చూస్తూ కూర్చుంది. ముందు నుయ్యి వెనక గొయ్యి అంటారు, కాని ఆ నుయ్యినీ గొయ్యినీ ఒకే చెయ్యి ముందుగా కొలత వేసి తవ్వి ఉంచితే ఏమనాలో పెద్దలు చెప్పలేదు. సంతకం పెడితే రేపు పొద్దున ఆ పిల్లల కంప్యూటర్లు పలుకుతాయి. పలుకుతున్నంతసేపూ, ఎక్కడెక్కడో కూర్చుని తమ చేత్తో తాము పనిముట్లు చేసి పదిమందికి పంచుకున్నవాళ్ళవి ఒక్కొక్కటే రాలిపోతుంటాయి, ఎవరు తీశారని చూసుకుంటే ఆమె పేరుంటుంది. పెట్టకపోతే, పిల్లలు రేపు మూగ యంత్రాల ముందు కూర్చుంటారు, ఆవిడ మొండితనం వల్లేనండీ, ఏం చేయమంటారు, అంటుంది వదిన, కళ్ళలో నీళ్ళు కూడా పెట్టుకుంటుంది, అవీ నిజమైన నీళ్ళే. గుడ్డిపిల్లలను అడ్డం పెట్టుకుని బేరమాడే తెలివి ఎప్పుడు పుట్టింది దీనికి, అనుకుంది, దీనికి అని అనుకున్నందుకు తనకే ఉలిక్కిపాటు కలిగింది, ఇన్నేళ్ళలో వదినను మనసులో కూడా అలా అనలేదు. గొడవ చేసినవాళ్ళది తీయకూడదు, చేయనివాళ్ళది తీసేయొచ్చు, ఇదా నీ శుభ్రత. గీత ముప్పాతిక దాటింది. తాను కడుతున్న గది కూలిపోయినా పైన ఉన్నవాళ్ళ నెత్తిన పడకూడదని, కొత్త ఫైలు వచ్చినప్పుడల్లా పాతదాన్ని పారేయకుండా పక్కన ఒక అరలో దాచమని కదా ఆనాడు, ఆ మొండి యవ్వనంలో, అందులో రాసింది తాను. ఆమె చెయ్యి కాఫీ కప్పును దాటి ఫోను మీద పడింది.

"మాస్టారూ, ఎడిటర్ ముందున్నారా?"

"ముందే ఉన్నానండీ మేడమ్. అది పలకదు, నేను కదలను, ఎవరు ముందు దిగొస్తారో చూస్తున్నాం."

ఆమె చెప్పింది; మూగబోయింది ఎడిటర్ ఒక్కటే, ఫోల్డర్ల పేర్లు చదివే గొంతు ఆయన కంప్యూటరుకు వేరే ఉంది. ఫలానా ఫోల్డరు తెరవండి, అందులో పాతవి అనే పేరుతో ఒక అర ఉంటుంది, దానిలోని ఫైలును తీసుకొచ్చి కొత్తదాని మీద పెట్టండి, తర్వాత అప్‌డేట్ ఆపేయండి, ఎవరు ఏమని అడిగినా ఒప్పుకోకండి. తొందర లేకుండా, ఒక్కో అడుగూ ఆయన సరే అన్నాకే తర్వాతది చెప్పింది.

"పాతది పెడితే తగవు పడదాండీ?"

"పడదు. దాని మీదా నా సంతకమే ఉంది. చదివి పెట్టింది."

మీటల టకటక వినబడింది, ఆగింది. తర్వాత ఫోనులోంచి, దూరంగా, సన్నగా, ముక్కుతో మాట్లాడినట్టున్న యంత్రపు గొంతు ఏదో పంక్తి చదవడం మొదలుపెట్టింది, ఒక మెట్టు దిగి ఇంకో పంక్తి, ఇంకో మెట్టు దిగి ఇంకొకటి. వెనక పిల్లలు ఓ అని అరిచారు, ఒరేయ్ అలక తీరిందిరా, అన్నారెవరో.

"మేడమ్," అన్నాడు మాస్టారు, ఈసారి నవ్వకుండా, "ఇలా పోగొట్టుకున్నవాళ్ళు ఇంకా ఉన్నారండీ. నాకే నలుగురైదుగురు చెప్పారు. వాళ్ళకీ ఈ దారి చెప్పొచ్చా?"

"అందరికీ చెప్పండి. మీ వాళ్ళను ఇంకో పదిమందికి చెప్పమనండి. ఎందుకు పోయాయని అడిగితే, తీసేశారని చెప్పండి. పొరపాటున పోయాయని మాత్రం అనకండి."

"ఎవరు తీసేశారని అడిగితే ఏమనమంటారు?"

తలుపు దగ్గర నీడ కదిలింది. వదిన ఎప్పుడు వచ్చిందో, గుమ్మంలో నిలబడి ఉంది. ఆమె వదిన కళ్ళలోకి చూస్తూనే జవాబు చెప్పింది.

"మా ఇంట్లోవాళ్ళే అని చెప్పండి."

ఫోను పెట్టేసింది. గీత కుడి అంచును తాకి ఆగింది, తెర మీద సంతకం అడిగే చిన్న గడి వెలిగింది. ఇద్దరూ దానివైపే చూశారు. అరుపులుంటాయనుకుంది ఆమె, కనీసం కన్నీళ్ళయినా. వదిన లోపలికి వచ్చి తలుపు మూసింది, చేతిసంచిలోంచి వేలెడంత పరికరం ఒకటి తీసింది, అలాంటిదే ఆమె దగ్గరా ఉంది, దాని అంచున ఆమె పేరు చెక్కి ఉంటుంది. దీని మీద వదిన పేరుంది.

"నీకూ సంతకం ఉందా?"

"చేయించుకుని చాన్నాళ్ళయిందే."

"అయితే నన్నెందుకు పిలిచావు? నువ్వే పెట్టుకోవచ్చుగా."

ఈసారి వదిన గొంతులో బుజ్జగింపు లేదు, తలుపు తెరిచి పట్టుకునే మర్యాద లేదు. ఎన్నో ఏళ్ళ తర్వాత, ఏమే అంటే ఏమే అనుకున్న నాటి గొంతు.

"నా పేరు చూసి ఎవరు నమ్ముతారే? నీ పేరుంటే చదవకుండా తీసుకుంటారు."

ఆమెకు కోపం రాలేదు, వచ్చి వచ్చి అయిపోయింది. అన్నయ్య ఇంటి భోజనాల బల్ల దగ్గర తన కుర్చీ కళ్ళముందు కనబడింది, ఇక ఆ కుర్చీలో తాను కూర్చోదని స్పష్టంగా తెలిసింది, అన్నయ్య ఎవరి పక్క నిలబడతాడో కూడా తెలిసింది, ఆయన ఎవరినీ ఏమీ అనలేడు, ఇంట్లో ఉన్నవాళ్ళ పక్కన ఉంటాడు. లేచి నిలబడింది. కుర్చీని వదిన వైపుకు తిప్పింది.

"కూర్చో వదినా," అంది, "నీ పని మీద నీ పేరే పెట్టుకో."

వదిన కూర్చోలేదు. ఆ పరికరాన్ని, పేరున్న వైపు లోపలికి వచ్చేలా, గుప్పిట్లోకి తిప్పుకుని, బయట ఎవరైనా వింటున్నారేమోనని తలుపు వైపు చూసింది.